మా వరం మాటలు చెప్పే మూకీ బొమ్మ

దుబాయ్ వెళ్ళొచ్చిన వాళ్ళని అందరూ ముందు ఆ ఎత్తు మేడ గురించే అడుగుతారు. నేను దాన్ని కారు అద్దంలోంచి చూశాను. అదీ సగమే, పైసగం దుమ్ములో ఉంది. కాబట్టి మేడ సంగతి నన్ను అడగకండి. పది రోజులున్నాను. ఆ పది రోజుల్లో నేను సరిగ్గా చూసింది ఒక పాత సినిమా, మూడుసార్లు. రంగుల్లేవు, పాటల్లేవు, మనుషుల నోళ్ళు కదులుతాయి గానీ మాట వినపడదు. ఎక్కడో నడిసముద్రంలో ఒక దీవి, ఆ దీవి మనుషులు. అంతే బొమ్మ. నేను చెబుతుంటే మా మనవరాలు చిట్టి రాస్తోంది. రాసుకో చిట్టీ, తప్పులు తర్వాత దిద్దుకుందువుగాని.

ముందు ఎందుకు వెళ్ళానో చెప్పాలి. మా చెల్లెలు వరలక్ష్మి. ఇంట్లో వరం అంటాం. నాకన్నా పదేళ్ళు చిన్న. పిల్లల్లేరు, భర్త పోయాడు, ఇరవై రెండేళ్ళ కిందట ఇంటిపనికని దుబాయ్ వెళ్ళింది. మాది కోనసీమలో, గోదావరి పాయల నడుమ లంక ఊరు. చుట్టూ నీళ్ళు, లోపల కొబ్బరితోటలు. అక్కడ ఏటిగట్టు మీద వరం రెండు గదుల డాబా వేయించుకుంది. తూర్పు ముఖం, ముందు అరుగు. ఆఖరిసారి వచ్చినప్పుడు, అంటే కరోనాకి ముందు, ఆ అరుగుకి దగ్గరుండి నల్లరాయి పరిపించి వెళ్ళింది. ఆ తర్వాత పెద్ద వరద వచ్చింది. గట్టు కోసుకుపోయింది. మొదటిరోజు కొబ్బరిచెట్లు పోయాయి. రెండోరోజు అరుగు పోయింది. మూడోరోజు డాబా ఒక పక్కకి ఒరిగి, అలాగే ఏట్లోకి దిగిపోయింది. నేను పడవలో కూర్చుని చూస్తూనే ఉన్నాను.

వరానికి చెప్పలేదు. ఇవాళ చెబుదాం, రేపు చెబుదాం అనుకున్నాను. ఈలోగా తనే, “అక్కా, ఇల్లు చూపించు” అని ఫోన్లో అడిగింది. అక్కడ నెట్ అందదే, వీడియో తీసి పంపిస్తాలే అన్నాను. అవతలి రేవులో కమలమ్మగారి అరుగు అచ్చం అలాంటిదే, నల్లరాయిది. అక్కడ ముగ్గేసి, నేను కూర్చుని కొబ్బరి ఈనెలు తీస్తూ, “ఇదిగో నీ ఇల్లు” అన్నాను. ఒకసారి పంపాక ఆపడం ఎలా? రెండేళ్ళు పంపాను. ఆ వీడియోలన్నీ తీసింది ఈ చిట్టే. ఇప్పుడు తల దించుకుంది. దించుకోకు, తియ్యమన్నది నేను.

ఇలా ఉండగా వరం ఫోన్ చేసింది. “మా మేడాన్ని వాళ్ళబ్బాయి వాళ్ళ దేశం తీసుకెళ్ళిపోతున్నాడక్కా. నేనూ వీసా క్యాన్సిల్ చేయించుకుని వచ్చేస్తున్నా. ఖలాస్. ఇంక నా ఇంట్లో నేను కూర్చుంటా,” అంది. క్యాన్సిల్ కాయితం మీద సంతకం పెడితే మళ్ళీ ఈ వయసులో ఎవరు పిలుస్తారు? ఆ సంతకం కాకముందే దానికి చెప్పాలి. ఫోన్లో నా వల్ల కాలేదు. అందుకని విమానం ఎక్కాను.

దిగగానే

విమానంలో ఏమీ జరగలేదు. జరిగిందల్లా నా సంచిలో జరిగింది. ఆవకాయ జాడీకి గుడ్డ కట్టి, దాని మీద కవరు కట్టి, దాని మీద తువ్వాలు చుట్టాను. అయినా నూనె కారి, నా రెండు మంచి చీరలూ ఎర్రబడ్డాయి. నన్ను తీసుకెళ్ళడానికి వరం పంపిన మనిషి మస్తాన్. రాయచోటి అబ్బాయి, మేడం పక్కింట్లో కారు నడుపుతాడు. సంచి కారులో పెడుతూ ముక్కు ఎగరేశాడు.

“ఏం పెద్దమ్మా, దుబాయంతా ఊరగాయ వాసన పట్టిస్తాండావే? మా ముదీర్ సారు రేపు కారెక్కి, ఎవురు సచ్చినారు ఈడ అంటాడు.”

“ఏం, మీ రాయచోట్లో ఆవకాయ తినరా?”

“తింటాం. సగం ఈడే పెట్టిపో మరి,” అన్నాడు.

అద్దాలు దించితే వేడి మొహం మీద కొట్టింది. మా ఊళ్ళో వేసవి చెమట పట్టించి వదిలేస్తుంది. ఇక్కడి ఎండ కళ్ళు తెరవనివ్వలేదు. దారిలో మస్తానే చెప్పాడు: అజ్మాన్‌లో తనకి వీసా ఇచ్చిన కఫీల్ తల్లిని చూసుకోవడానికి ఒక మనిషి కావాలట, వరానికి చెప్పాడట. “అక్క ఔననలేదు, కాదనలేదు. ఆదివారం లోపల చెప్పమన్నా,” అన్నాడు. ఆ ఆదివారానికి ఆరు రోజులుంది. నేను వేళ్ళు మడిచి లెక్కపెట్టుకున్నాను.

సత్వాలో బస

పనిచేసే ఇంట్లో చుట్టాలు పడుకోవడానికి ఉండదు. నన్ను సత్వాలో మార్తమ్మగారి గదిలో దింపారు. ఆవిడది మా పక్క లంకే. ఒక గది, ఆరు మంచాలు, కింద మూడు, పైన మూడు. ఒక్కో మంచానికి ఒక్కో చీర అడ్డం కట్టుకున్నారు. ఆ చీర లోపలే ఒకావిడకి దేవుడి పటం, ఒకావిడకి ఏసుప్రభువు, ఒకావిడకి కూతురి పెళ్ళి ఫోటో. స్నానాల గది తలుపు మీద ఎవరు ఎన్నింటికి వెళ్ళాలో కాయితం అంటించారు. నా పేరు కూడా రాసి పెట్టారు, ఉదయం పదకొండు. ఇంటి దగ్గర నేను నాలుగింటికి లేచి స్నానం చేసే మనిషిని.

“పదకొండైతే ఎవరూ ఉండరండి అక్కగారూ, ఎంతసేపైనా పోసుకోవచ్చండి,” అంది మార్తమ్మగారు. “ముందీ పెసరట్టు తినెయ్యండి. కింద హోటల్లోదే. అల్లం తక్కువేస్తాడు గానండి, మనోడే.”

పెసరట్టు బానే ఉంది. పొగలు కక్కే కరక్ చాయ్ ఒక దిర్హం. కొబ్బరిబోండం మాత్రం అయిదు దిర్హాలు. అదీ ఎలాంటి కాయ, మా తోటలో దింపు రోజున ఎవరూ ఏరుకోకుండా వదిలేసే పాటిది. కొనలేదు. చేత్తో పట్టుకుని చూసి పెట్టేశాను. కొట్టువాడు ఏదో అన్నాడు, హిందీలో. మంచిమాట కాదనుకుంటాను.

సాయంత్రం వరం రెండు గంటలు సెలవడిగి వచ్చింది. ఆరేళ్ళయింది చూసి. జుట్టు పల్చబడింది, మోకాళ్ళు పట్టేసినట్టు నడుస్తోంది. నన్ను కావలించుకుని, వెంటనే సంచిలోంచి ఒక మూట తీసింది. నీలం రంగు గుమ్మం తెరలు, అంచుకి తెల్ల పువ్వులు.

“వీధి గుమ్మానికక్కా. మూడడుగులు. సరిపోద్దంటావా?”

నా మొహంలోకే చూస్తోంది. పక్కన మార్తమ్మగారు చాయ్ గ్లాసు పట్టుకుని కిటికీ వైపు తిరిగిపోయింది.

“సరిపోద్ది,” అన్నాను.

ఆ ఒక్కమాటా ఎలా అన్నానో నాకు తెలియదు. తెరలు మడిచి మళ్ళీ సంచిలో పెట్టుకుంది.

మధ్యాహ్నం బొమ్మ

మర్నాడు వాళ్ళ మేడం నన్ను చూడాలందని తీసుకెళ్ళింది. సత్వా పక్కనే జుమైరా, సముద్రం వైపు. ఒక్క అంతస్తు పాత ఇల్లు, చుట్టూ కాగితంపూల చెట్లు. మేడం తెల్ల దేశపావిడ, తొంభై దాటింది. మొగుడితో ఎప్పుడో వచ్చి ఉండిపోయింది. కళ్ళకి ఇప్పుడు వెలుతురు మాత్రం తెలుస్తుంది. నా చెయ్యి పట్టుకుని, తడిమి, “సిస్టర్,” అని నవ్వింది. అంత పల్చటి చర్మం నేనెప్పుడూ ముట్టుకోలేదు, ఉల్లిపొరలా ఉంది.

మూడింటికి వరం తెరలన్నీ మూసి, టీవీలో ఆ బొమ్మ పెట్టింది. మేడం తండ్రి వందేళ్ళ కిందట కెమెరా పట్టుకుని ఒక దీవికి వెళ్ళి తీసిన సినిమా అట. మూకీ. రోజూ ఇదే వేళకి చూడాలి ఆవిడ. చూపు పోయాక చూడటం ఎలా? అందుకని వరం చెప్పాలి. మొదట్లో ఇంగ్లీషులో “బాయ్ గో అప్, కోకోనట్ టేక్” అని చెప్పేదట. మేడం కొన్నాళ్ళు విని, “నో నో, యువర్ వే, వారా,” అందట. అప్పట్నుంచి ఏడేళ్ళుగా మా వరం ఆ బొమ్మకి తెలుగులో మాటలు చెబుతోంది. ఆవిడకి ఒక్క ముక్క అర్థం కాదు. కళ్ళు మూసుకుని ఆ పలుకు వింటుంది, ఎక్కడ నవ్వాలో అక్కడ నవ్వుతుంది.

నేను వెనకాల కుర్చీలో కూర్చున్నాను. వరం పీటేసుకుని మేడం కాళ్ళ దగ్గర కూర్చుని మొదలెట్టింది.

“ఇదిగో మేడం, తెల్లారింది. మా నాన్న చేమదుంపలు తవ్వుతున్నాడు. వీడు మా అక్క పెద్దోడు, కాళ్ళకి తాడేసుకుని చెట్టెక్కుతున్నాడు. జాగర్తరా, మట్ట ఎండిపోయింది. ఇదిగో మా అమ్మ, ఆకుల్లో చేపలు చుట్టి కాలిన రాళ్ళ మీద పెడతంది. ఉప్పు మర్చిపోయింది. రోజూ మర్చిపోతది.”

నాకు నవ్వొచ్చింది. మా అమ్మ నిజంగానే ఉప్పు మర్చిపోయేది. ఆ దీవి మనుషులందరికీ మా ఇంటివాళ్ళ పేర్లు పెట్టేసింది. ఏం చేస్తుంది మరి, కొబ్బరిచెట్లూ నీళ్ళూ పడవలూ, అదీ లంకే కదా. తర్వాత ఒక కుర్రాణ్ణి పడుకోబెట్టి, పళ్ళున్న దువ్వెనలాంటి దాంతో తడుతూ ఒళ్ళంతా పచ్చబొట్టు పొడిచారు. పక్కన ఒకామె విసురుతోంది.

“ఇది మా అక్క తాయారు,” అంది వరం. “తీర్థంలో నాకు పచ్చబొట్టేయించింది. నేను ఏడుస్తుంటే చెయ్యి కదలకుండా పట్టుకుంది. ఒక్క నిముషమే, ఒక్క నిముషమే అంది. ఎప్పుడూ అదే మాట మా అక్కది.”

అదే తీర్థంలో నా ఎడమ చేతి మీద పొడిపించుకున్న మూడు చుక్కలు నేను కొంగుతో కప్పుకున్నాను. ఇంతలో మేడం నిద్రపోయింది. వరం బొమ్మ ఆపేసింది.

వంటగదిలో టీ పెడుతూ చెప్పింది. “అదంతా మేడం వాళ్ళ నాన్న కావాలని తీయించిందక్కా. అప్పటికే వాళ్ళు చొక్కాలు తొడుక్కుంటున్నారంట. ఆ నార బట్టలు ఈయన కట్టించాడంట. ఆ పాకలు కూడా బొమ్మ కోసమే వేయించాడంట. పచ్చబొట్టు మానేసి ఎన్నాళ్ళో అయితే, బతిమాలి పొడిపించాడంట. మేడమే చెప్పింది.”

“మరి ఆ కుర్రాడికి నొప్పి?”

“నొప్పి మాత్రం నిజమే,” అంది.

డేరాలో ఏరు దాటాం

మూడో రోజు వరానికి పూట సెలవు దొరికింది. డేరా అని పాత బజారు పేట, అక్కడికి తీసుకెళ్ళింది. మెట్రోలో నేను తెలియక మగవాళ్ళ మధ్య నిలబడితే, ఒకాయన వేలితో కింద గీత చూపించాడు. గులాబీరంగు గీత అవతల ఆడవాళ్ళు. గీత దాటి వెళ్ళి కూర్చున్నాను. బంగారం కొట్లు చూశాం, కొనేదేం లేదు. చేపల బజార్లో నా మొహం అంత చేపలున్నాయి. ఏటిచేప మాత్రం ఒక్కటి లేదు. మా పులస పేరు చెబితే చేపలమ్మే మలబారు కుర్రాడు తల అడ్డంగా ఊపాడు.

తర్వాత అక్కడి సముద్రపు పాయ దాటడానికి పడవెక్కాం. అబ్రా అంటారు. చెక్కబల్ల, పైన చిన్న కప్పు, అంచుకి కాళ్ళు పెట్టుకుని కూర్చోవాలి. ఒక దిర్హం. వరం నా చేతిలో రెండు బిళ్ళలు పెట్టి, ఇద్దరికీ ఇచ్చెయ్ అంది. పడవ నడిమధ్యకి వచ్చింది. నీళ్ళ మీద వెళుతుంటే నాకు ఒళ్ళు తెలియలేదు. మా ఊళ్ళో గోదారి దాటినప్పుడల్లా చేసే పని, రెండు బిళ్ళలూ కళ్ళకద్దుకుని నీళ్ళలో వేసేశాను.

పడవవాడు బంగ్లా మనిషి. ఆ వేసినవాటి కోసం వంగి చూశాడు. “అమ్మాజీ! యే క్యా కియా? కిరాయా పానీ మే?”

పడవలో జనం నవ్వారు. వరం కూడా నవ్వింది. నవ్వుతూ నవ్వుతూ కళ్ళు తుడుచుకుని, వాడికి వేరే బిళ్ళలిచ్చింది. నా వైపు తిరిగి మెల్లిగా, “ఏటికి ఇంకా ఇస్తావేంటక్కా?” అంది.

అప్పుడు చెప్పాల్సింది. నోటిదాకా వచ్చింది. “వరం, నీ ఇల్లు...” అన్నాను. పడవ ఒడ్డుకి తగిలి అందరూ లేచారు. తనూ లేచి, “పద, మోకాళ్ళు జాగర్త,” అని చెయ్యిచ్చింది. ఏం చెప్పబోయావని అడగలేదు. అడిగి ఉంటే చెప్పేదాన్నేమో. ఇలా ఇప్పుడు అనుకుంటున్నాను.

మళ్ళీ బొమ్మ

తర్వాతి రెండు రోజులూ ఏం చూశానో చెప్పమంటే చెప్పలేను. ఒకరోజు మధ్యాహ్నం మళ్ళీ బొమ్మ దగ్గర కూర్చున్నాను, మేడం మళ్ళీ మధ్యలోనే నిద్రపోయింది. మస్తాన్ ఎదురుపడ్డప్పుడల్లా, “పెద్దమ్మా, అక్క ఏమంటాంది?” అని అడుగుతాడు. శనివారం వచ్చింది. మర్నాడే మేడం కొడుకు వస్తాడు, కాయితాలు తెస్తాడు.

ఆ మధ్యాహ్నం మేడం నిద్రపోలేదు. బొమ్మ పచ్చబొట్టు దాటి ముందుకెళ్ళింది. నేనిదివరకు చూడని చోటు. పెద్ద పెద్ద అలలు రాళ్ళ మీదకొచ్చి పగులుతున్నాయి. రాళ్ళ కన్నాల్లోంచి నీళ్ళు చెట్టంత ఎత్తు లేస్తున్నాయి. చప్పుడు లేదు. అంత నీరు చప్పుడు లేకుండా వస్తుంటే నేను కాళ్ళు వెనక్కి లాక్కున్నాను.

వరం వెనక్కి తిరగకుండా, టీవీకేసి చూస్తూ చెప్పింది.

“ఇది సముద్రం కాదు మేడం. ఏరు. మూడు రోజులొచ్చింది. మొదట నా కొబ్బరిచెట్లు పట్టుకుపోయింది. తర్వాత అరుగు. తర్వాత ఇల్లు. మా అక్క పడవలో కూర్చుని చూసింది. చూసి, ఇంకోళ్ళ అరుగు మీద కూర్చుని ముగ్గేసింది. ఇదే నీ ఇల్లు అంది. నేను సరే అన్నాను.”

“ఈజ్ ఇట్ ద సీ, వారా?” అని అడిగింది మేడం. గొంతు మారిందని ఆవిడకి తెలిసింది.

“యెస్ మేడం. సీ.”

నేను లేచాను. వెళ్ళి దాని పక్కన నేల మీద కూర్చున్నాను. మొహం చూడలేక నేనూ ఆ బొమ్మకేసే చూశాను. అక్కడ ఒక పడవ అలల్లో మునుగుతూ లేస్తోంది.

“మేడంగారూ,” అన్నాను, “ఆ పడవలో ఉన్నది తాయారు. దానికి భయమేసింది. ఒక్క నిముషం ఆగి చెబుదామనుకుంది.”

మేడం చెయ్యి జాపి తడిమి, నా నెత్తి మీద పెట్టింది, వరం అనుకుని. పడవ ఒడ్డుకి చేరింది. బొమ్మ అయిపోయింది.

వంటగదిలో అడిగాను. ఎప్పట్నుంచి తెలుసే అని.

“రెండో వీడియోకే తెలిసిందక్కా. సాయంత్రం తీశావు. అరుగు మీద ఎండుంది. నా అరుగు తూర్పు ముఖం. సాయంత్రం ఎండ ఎక్కడ్నించి వస్తది? ఏడేళ్ళుగా రోజూ బొమ్మ చూసి చెప్పేదాన్ని, నాకు తెలీదా ఏది ఉన్నదో, ఏది తీయించిందో? మార్తమ్మ తమ్ముణ్ణి అడిగితే మొత్తం చెప్పాడు.”

“అడగొచ్చు కదే నన్ను!”

“అడిగితే ఏడుస్తావు. ఇక్కణ్ణించి ఫోన్ పట్టుకుని నేను నిన్ను ఊరుకోబెట్టాలి. పైగా,” అని కుళాయి తిప్పింది. గ్లాసులు కడుగుతోంది. “ఆ వీడియో వచ్చిన పూట కాసేపు ఇల్లుండేది.”

“మరి వచ్చేస్తున్నానన్నావు?”

“వస్తున్నానంటే అప్పుడైనా చెబుతావనుకున్నాను. నువ్వు విమానమెక్కి వచ్చావు. వచ్చి, తెరలు సరిపోద్ది అన్నావు.”

నా ఇంటికి వచ్చెయ్యవే, నా దగ్గరే ఉందువు అన్నాను. ఎంత బతిమాలానో చిట్టీ, అది రాయకు. తల అడ్డంగా ఊపింది. “నీ ఇంట్లో చుట్టాన్నక్కా. ఇక్కడైతే పనిమనిషిని. పనిమనిషికి కనీసం ఫలానా వేళకి ఫలానా పనని ఉంటది,” అంది. గోడవతల మస్తాన్ కారు తుడుస్తున్నాడు. కిటికీలోంచి పిలిచి, అజ్మాన్‌కి వస్తానని చెప్పమంది. వాడు, “మంచిది అక్కా,” అన్నాడు. నా మొహం చూసి, గుడ్డ పిండుకున్నాడు.

వచ్చేశాక

మిగతా రోజులు సామాన్లు సర్దడంతో పోయాయి. మేడాన్ని తీసుకెళ్ళిన రోజున నేనక్కడ ఉన్నాను. కారెక్కుతూ ఆవిడ, “త్రీ ఓ క్లాక్, వారా?” అని అడిగింది. వరం, “యెస్ మేడం,” అంది. ఆవిడకి ఆ దేశంలో ఆ బొమ్మ ఎవరు చెబుతారో, ఏ భాషలో చెబుతారో.

విమానాశ్రయంలో వరం ఆ నీలం తెరల మూట నా చేతిలో పెట్టింది.

“కమలమ్మగారి గుమ్మానికి కట్టి తియ్యక్కా. మానకు. నువ్వేం మాట్లాడకు, మాటలు నేను చెప్పుకుంటాను. ఇంకోటి, మబ్బు పట్టిన రోజున తియ్యి. ఎండ ఎటుందో తెలీకూడదు.”

వచ్చి పద్దెనిమిది రోజులైంది. ఒక్క రోజైనా ఎండ తగ్గలేదు. తెరలు బీరువాలో, వరం ఇంటి పట్టా కాయితం మీదే పెట్టాను. మార్తమ్మగారు ఫోన్ చేసింది. అజ్మాన్‌లో ముసలావిడ మంచిదేనట, ఎక్కువ మాట్లాడదట.

ఇదిగో, ఇది చెబుతుండగానే ఇల్లు చీకటి పడింది. తూర్పునా మబ్బే, పడమటా మబ్బే. చాలు, రాయడం ఆపు చిట్టీ. తెరలు తీసుకో, ఫోను తీసుకో. వాన పడకముందే రేవు దాటాలి.